ఫోకస్ ముందే వెళ్లింది

ఇంతవరకూ నడిచింది క్లుప్తంగా ఇది. నూలు మిల్లు కాలి తొమ్మిదేళ్లయింది. మంటలు ముందు వైపు అంటుకోవడంతో పదమూడు మంది వెనక తలుపు దాకా పరిగెత్తి, అది తెరుచుకోక అక్కడే చనిపోయారు. తలుపుకి గొలుసు, గొలుసుకి తాళం. ఆ గొలుసు వాచ్‌మన్ ఎక్కడినుంచో తెచ్చి తన ఇష్టం వచ్చినట్టు వేశాడని మిల్లు మేనేజర్ వాంగ్మూలం. తాను ఉద్యోగంలో చేరేసరికే అది అక్కడ ఉందని వాచ్‌మన్ వాంగ్మూలం. కేసు మాత్రం వాచ్‌మన్ మీద నడుస్తోంది. పోయిన వారం అతని లాయరు ఒక షాటు సంపాదించుకొచ్చాడు. నలభై ఏడు సెకన్లు. అందులో మేనేజర్ తన చేతులతో వెనక తలుపుకి గొలుసు చుట్టి తాళం వేస్తాడు. మంటలకి ఏడు నెలల ముందు ఆ మిల్లు మీద డాక్యుమెంటరీ తీసిన కెమెరా అక్క ఆ షాటు చూసి, "ఇది నేను తీసిందే" అంది.

కెమెరా అక్క అన్నది యూనిట్ పెట్టిన పేరు. పోస్టర్ల మీద ఛాయాగ్రహణం అని వేస్తారు. ఆ మాటతో ఆమెని ఇరవై ఆరేళ్లలో ఎవరూ టీకి పిలవలేదు.

లాయరుకి ఆ మాట ఇచ్చిన మూడో రోజు పళ్లు తోముకుంటూ ఆమె ఆగిపోయింది. షాటు తీసింది తనే. చెయ్యి తనది, నడక తనది, ఊపిరి పీల్చినప్పుడు ఫ్రేము కొంచెం పైకి లేవడం కూడా తనదే. ఎక్కడ తీసింది అన్నదే తేలడం లేదు.

ఎందుకంటే ఆ తలుపుని ఆమె రెండు చోట్ల తీసింది. మొదట మిల్లులో, నలభై రోజులు, డాక్యుమెంటరీకి. మంటలైన నాలుగేళ్లకి ఆ ప్రమాదం మీదే ఒక సినిమా వచ్చింది. దానికీ ఆమే కెమెరా. ఒక గోదాములో మిల్లు సెట్ వేశారు. చూసినవాళ్లు ఇది సినిమా అనుకోకూడదు, డాక్యుమెంటరీ అనుకోవాలి అన్నాడు డైరెక్టర్. ఆమె అలాగే తీసింది. అదే కెమెరా, అదే లెన్సు, భుజం మీదే పెట్టుకుని. ఆ పనికి అవార్డు వచ్చింది. అది ఇంట్లో టీవీ పక్కన ఉంది.

సంతకం పెట్టాల్సిన రోజు ఉదయం భర్తకి సంగతి చెప్పింది. ఆయన స్కూల్లో లెక్కలు చెబుతాడు. బూట్లు వేసుకుంటూ విన్నాడు.

"నువ్వు తీసిన షాటు గురించి నీకే తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది?"

"అదే కదా నేనూ అంటున్నది."

"మరి ఆ మాట లాయరుకి చెప్పు."

"ఏమని చెప్పను? తెలియదని తెలిసిందనా?"

ఆయన రెండో బూటు వేసుకుని, ఆమె భుజం తట్టి వెళ్లిపోయాడు.

పన్నెండింటికి ఎడిటింగ్ రూముకి వచ్చింది. అది ఒక ప్రింటింగ్ ప్రెస్ పైన రెండో అంతస్తు. కింద మెషిన్ తిరిగితే పైన టేబుల్ మీద గ్లాసులు కదులుతాయి. కిటికీకి నల్లగుడ్డ, రెండు మానిటర్లు, ఒక చెయ్యి విరిగితే టేపు చుట్టిన కుర్చీ. ఆ కుర్చీలో ఎడిటర్ కూర్చుని ఉన్నాడు. యూనిట్లో అతని పేరు కత్తెర. డాక్యుమెంటరీ, సినిమా, రెండూ అతనే ఎడిట్ చేశాడు.

"రా అక్కా. పొద్దున్నుంచి ఇరవై సార్లు చూశాను. ఇంకో నాలుగు సార్లు చూస్తే ఆ మేనేజర్ నాకు బాబాయి వరస అయ్యేలా ఉన్నాడు."

"ఏం తేలింది?"

"మేనేజర్‌కి బట్టతల మొదలైందని తేలింది. నటుడికి కూడా అక్కడే మొదలైంది. మేకప్."

షాటులో ముఖం కనపడదు. వీపు, చేతులు, నడుముకి తాళాల గుత్తి, అంతే. సినిమాలో మేనేజర్ వేషం వేసిన నటుడు ఆమె డాక్యుమెంటరీని వారం రోజులు చూసి ఆ నడక నేర్చుకున్నాడు. అప్పట్లో ఆమె ఆ నటుణ్ని మెచ్చుకుంది.

"ఫైలు తేదీ చూశావా?"

"చూడకుండా ఉంటానా? డిస్కు పోయినప్పుడు రెండు సినిమాల ఫుటేజీ కలిపి రికవరీకి ఇచ్చాం కదా. పేర్లన్నీ పోయి నంబర్లు వచ్చాయి. ప్రతి ఫైలుకీ ఒకటే తేదీ, రికవరీ చేసిన రోజు. సౌండ్ కూడా పోయింది. ఇదిగో, మూగది."

మెట్ల మీద చెప్పుల చప్పుడు అయింది. లాయరు వచ్చాడు. అరవై దాటిన మనిషి, చంకలో ఫైలు. గుమ్మంలో నిలబడి ఊపిరి తీసుకున్నాడు.

"వాచ్‌మన్ పెద్దాయన్ని కింద ప్రెస్సులో కూర్చోబెట్టొచ్చాను. మోకాళ్లు. అమ్మా, అఫిడవిట్ తయారు. నాలుగు చోట్ల సంతకం. రేపు పదకొండుకి మనది రెండో కేసు. జడ్జిగారు సాక్ష్యానికి ఇచ్చిన ఆఖరి రోజు రేపే. ఇది లోపలికి వెళ్తే పెద్దాయన ఇంటికి వెళ్తాడు. వెళ్లకపోతే ఎక్కడికి వెళ్తాడో మీకు తెలుసు. పదేళ్లు. ఆయనకి అరవై ఏడు."

పెన్ను టోపీ తీసి అందించాడు. ఆమె తీసుకోలేదు.

"లాయరుగారూ, ఒక్క నిమిషం. ఇది సినిమాది కూడా కావచ్చు."

ఆయన పెన్ను అలాగే పట్టుకున్నాడు.

"ఏ సినిమా?"

ఆమె చెప్పింది. మొదటినుంచీ చెప్పింది. ఆయన కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"అంటే వేసిన సెట్టుకీ అసలు మిల్లుకీ తేడా తెలియదా మీకు?"

"తేడా తెలియకుండా ఉండటానికే కదండీ సెట్ వేసింది" అన్నాడు కత్తెర.

"తలుపు రంగు?"

"నా ఫుటేజీ చూసే కలిపించారు" అంది ఆమె. "ఆర్ట్ డైరెక్టర్ మూడు సార్లు రంగు మార్పించాడు. పెచ్చు ఊడిన చోట కూడా అలాగే ఊడదీశారు."

"సరే. వెనక పనిచేస్తున్న ఆడవాళ్లున్నారు కదా. ఇదిగో, ఈవిడ నాకు తెలుసు. ఈవిడ భర్త ఆ మంటల్లో పోయాడు. ఈవిడ నటి కాదు!"

"సినిమాకి మిల్లు వాళ్లనే నలభై మందిని పెట్టుకున్నాం. వాళ్ల యూనిఫారాల్లోనే వచ్చారు."

"గాల్లో దూది తేలుతోంది!"

"ఫ్యాన్ పెట్టి ఊదాం."

లాయరు కళ్లజోడు తీసి పంచతో తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నాడు. మానిటర్ కాసేపు చూశాడు.

"ఇదెక్కడి తద్దినం తెచ్చిపెట్టారమ్మా?"

కింద మెషిన్ ఆగింది, మళ్లీ మొదలైంది.

"సినిమాలో ఈ సీను ఉందా అసలు?" అని అడిగాడు లాయరు.

"స్క్రిప్టులో ఉంది" అన్నాడు కత్తెర. "కేసు నడుస్తోందని నిర్మాత భయపడితే తీసేశాను. డాక్యుమెంటరీలో కూడా వెనక తలుపు షాటు ఏదో పక్కన పెట్టాను. ఎందుకు పెట్టానో గుర్తు లేదు. రెండింటిలోనూ వాడలేదు కాబట్టి, రెండింటిలో ఏదైనా కావచ్చు."

"ఒకసారి నెమ్మదిగా తిప్పు" అంది ఆమె.

కత్తెర తిప్పాడు. ఆమె కుర్చీ ముందుకి జరిపి కూర్చుంది. ముప్పై సార్లు చూసిన షాటే. ఈసారి మేనేజర్‌ని చూడలేదు. అతని చుట్టూ ఏది స్పష్టంగా ఉంది, ఏది మసకగా ఉంది, అది చూసింది.

పదో సెకను. వీపు స్పష్టంగా ఉంది. తలుపు మసక. పద్దెనిమిదో సెకను. అలాగే. పంతొమ్మిదో సెకనులో వీపు మసకబారింది. తలుపు స్పష్టమైంది, దాని ఇనప కొంకీలు, పెచ్చు ఊడిన రంగు. అక్కడ ఇంకా ఎవరూ లేరు. ఏమీ జరగడం లేదు. ఇరవై రెండో సెకనులో మేనేజర్ చేతులు గొలుసుతో సహా వచ్చి ఆ కొంకీల మీద పడ్డాయి.

"ఆపు."

ఆపాడు.

"చూశావా?"

కత్తెర చూశాడు. అతనికి అర్థమైంది. నోట్లోంచి గాలి వదిలాడు.

"నాకు కూడా చెప్పండి" అన్నాడు లాయరు.

"డాక్యుమెంటరీలో నాకు ఏం జరగబోతోందో తెలియదండీ" అంది ఆమె. "మనిషి అటు వెళ్తాడు, నేను వెనక వెళ్తాను. అతను ఏదో ముట్టుకున్నాక అప్పుడు ఫోకస్ అక్కడికి మారుస్తాను. ఎంత చెయ్యి తిరిగినా అర సెకనో సెకనో ఆలస్యం. సినిమాలో అలా కాదు. రిహార్సల్ అవుతుంది. టేపు పెట్టి కొలుస్తారు. నటుడు ఎక్కడ ఆగుతాడో ముందే తెలుసు. ఇక్కడ చూడండి. ఫోకస్ తలుపు దగ్గరికి మూడు సెకన్లు ముందే వెళ్లి కూర్చుంది. అతను గొలుసు వేస్తాడని కెమెరాకి తెలుసు."

"తెలిస్తే?"

"తెలిస్తే ఇది సినిమా."

లాయరు ఫైలు మూసి మళ్లీ తెరిచాడు.

"అమ్మా, మీరు తీసిందేనని పోయిన వారం అన్నారు. ఆ మాట పట్టుకుని నేను జడ్జిగారి దగ్గర వారం గడువు తెచ్చుకున్నాను. పెద్దాయన పెళ్లాం ఇల్లంతా సున్నం వేయించుకుంది."

"నన్నేం చేయమంటారు?"

"ఈ ఫోకస్ గోల మీకూ ఈయనకీ తప్ప ఎవరికీ తెలియదు. మేనేజర్ లాయరుకి అసలే తెలియదు. ఆయన పెళ్లి వీడియో కూడా చూసి ఉండడు. గొలుసు వేసింది మేనేజరే అని మీరు నమ్ముతున్నారా, లేదా?"

"నమ్ముతున్నాను."

"మరి ఈ బొమ్మలో ఉన్నది అదే కదా! జరిగిందే కదా!"

"జరిగిందని నేను నమ్మేది వేరు, జరుగుతుంటే నేను తీశాననేది వేరు. మూడో పేరా మీరే రాశారు. 'ప్రత్యక్షంగా జరుగుచుండగా' అని ఉంది."

"ఆ మాట లేకపోతే కాగితం దేనికీ పనికిరాదమ్మా, నేనేం చెయ్యను!"

ఆయన గొంతు పెరిగింది. కింద ఉన్న మనిషి గుర్తొచ్చినట్టుంది, తగ్గించాడు. ఆమె కాగితం తీసుకుని మూడో పేరా ఇంకోసారి చదివింది. సంతకం పెడితే ఒక ముసలాయన ఇంటికి వెళ్తాడు. షాటు సినిమాదని ఎవరైనా పట్టుకుంటే ఆయనా పోతాడు, తన పేరూ పోతుంది, నలభై రోజులు నిజంగా తీసిన ఫుటేజీని కూడా ఇక ఎవరూ నమ్మరు. పెట్టకపోతే ఆయన ఒక్కడే పోతాడు. అలా ఆలోచించినందుకు సిగ్గేసింది. సిగ్గేసినా ఎటూ తేల్చుకోలేకపోయింది.

కత్తెర తల గోక్కున్నాడు.

"అక్కా, చెవికి ఫోన్ చేద్దామా?"

చెవి అంటే డాక్యుమెంటరీకి సౌండ్ రికార్డు చేసిన మనిషి. ఇప్పుడు వేరే ఊళ్లో ఉంటున్నాడు. తను రికార్డు చేసిన ప్రతి ఫైలూ తన దగ్గర ఒక కాపీ పెట్టుకుంటాడని, పెళ్లికి పిలిస్తే భోజనాల చప్పుడు కూడా రికార్డు చేసుకెళ్తాడని యూనిట్లో అంటారు. సినిమాకి అతను పని చేయలేదు. సెట్లో మెషిన్లు తిరగవు. ఆ మోత తర్వాత కలిపారు.

"అంటే ఈ బొమ్మకి సరిపోయే సౌండ్ అతని దగ్గర ఉంటే..." అన్నాడు లాయరు.

"మిల్లే. లేకపోతే సెట్టు" అన్నాడు కత్తెర, అప్పటికే నంబరు నొక్కుతూ. స్పీకర్లో పెట్టాడు.

"ఏరా, బతికే ఉన్నావా?" అంది ఫోను.

"ఉన్నాం. మిల్లులో వెనక తలుపు దగ్గర ఏమైనా రికార్డు చేశావా, మేనేజర్ ఉన్నది?"

"నోట్‌బుక్ చూడాలి. ఉండు." కాగితాలు తిప్పుతున్న చప్పుడు. చాలాసేపు వినపడింది. "ఒకటుంది. 'మేనేజర్, కాలర్ మైకు, వెనక తలుపు.' ముప్పై రెండో రోజు. ఆరు నిమిషాలు. పంపనా?"

"ఇంకా అడుగుతావేంట్రా, పంపు!"

ఫైలు రావడానికి పావుగంట పట్టింది. ఆ పావుగంటలో లాయరు రెండు సార్లు కిందకి వెళ్లి వచ్చాడు. ఏం చెప్పి వచ్చాడో వీళ్లు అడగలేదు.

కత్తెర సౌండ్‌ని షాటు కింద పెట్టాడు. గొలుసు తలుపుకి తగలడం షాటులో మూడు సార్లు కనపడుతుంది. సౌండ్ గీతలో మూడు చోట్ల ముల్లులా లేచిన చోటు వెతికాడు. నాలుగో నిమిషంలో దొరికింది. జరిపి కలిపాడు. స్పేస్ బార్ నొక్కాడు.

మెషిన్ల మోత. గది నిండిపోయింది. లాయరు చెవులు మూసుకోబోయి మానేశాడు. తెర మీద మేనేజర్ నడిచాడు, గొలుసు ఒకసారి తగిలింది, రెండోసారి, మూడోసారి. మూడూ కలిశాయి. తాళం పడిన చప్పుడు, తాళం మీది వేలు, ఒకేసారి.

"ఒక్క ఫ్రేము కూడా తేడా లేదు" అన్నాడు కత్తెర. "ఇది మిల్లే అక్కా. అసలు మిల్లే!"

లాయరు లేచి నిలబడ్డాడు. కత్తెర చెయ్యి పట్టుకుని ఊపాడు. ఆమెకి నమస్కారం పెట్టాడు.

"పెద్దాయన్ని పైకి తీసుకొస్తాను. మెల్లగా ఎక్కుతాడు. ఈ మోత ఆయన వినాలి."

చెప్పులు సగమే తొడుక్కుని దిగిపోయాడు.

ఆమె కదల్లేదు.

"ఏంటక్కా? నీకు సంతోషం లేదా?"

"ఇది మిల్లు అయితే ఫోకస్ ముందెలా వెళ్లింది?"

కత్తెర నవ్వబోయి ఆగాడు.

"ఊహించి ఉంటావు. ముప్పై రెండో రోజు కదా. అప్పటికి అతను ఏం చేస్తాడో నీకు అలవాటైపోయి ఉంటుంది."

"ఆ గొలుసు అతను రోజూ వేస్తుంటే నేను ముప్పై రోజుల్లో ఒకసారైనా చూసి ఉండాలి కదా. అంతకు ముందు రోజుల ఫుటేజీలో ఆ తలుపు ఎక్కడ కనపడినా ఎలా ఉంది?"

కత్తెర ఆలోచించాడు.

"తెరిచే ఉంది" అన్నాడు.

కింది నుంచి లాయరు మాటలు వినపడుతున్నాయి, జాగ్రత్త, ఇక్కడ మెట్టు ఎత్తు అని. ఆమె మానిటర్ వైపు చూసింది. షాటు నలభై ఏడు సెకన్లు. సౌండ్ ఆరు నిమిషాలు. కెమెరా మొదలవకముందే చెవి రికార్డు మొదలుపెడతాడు.

"మొదట్నుంచి పెట్టు" అంది.

మొదట మోత. తర్వాత కాలర్‌కి మైకు పెడుతున్న గరగర. తర్వాత ఒక ఆడమనిషి గొంతు, మోతలో వినపడాలని గట్టిగా. ఆ గొంతు తనదని తెలియడానికి ఆమెకి రెండు మాటలు పట్టింది.

"సార్, ఆ తలుపు గాలికి కొట్టుకుంటోంది. తెరుచుకున్నప్పుడల్లా ఎండ నేరుగా లెన్సులో పడుతోంది. మా షూటింగ్ అయ్యేదాకా మూసి ఉంచగలరా?"

"దానికి గడియ లేదమ్మా." మేనేజర్ గొంతు, మైకుకి దగ్గరగా. "ఎప్పుడూ వేసింది లేదు. వాళ్లు భోజనాలకి అటునుంచే వెళ్తారు."

"మా దగ్గర గొలుసుందండీ. లైట్లు కింద పడకుండా కట్టేది. తాళం కూడా ఉంది." ఎవరో ఏదో అందించిన చప్పుడు. ఇనుము ఇనుముకి తగిలింది. "ఇదిగోండి. ఎలాగూ వేస్తున్నారు కాబట్టి అదీ కెమెరాలో తీస్తాను. మీరు అటు నడిచి వెళ్లి వేసేయండి. నా వైపు చూడొద్దు. రోజూ వేసేవాళ్లు ఎలా వేస్తారో అలా వేయండి."

కత్తెర ఆపేశాడు. గదిలో మోత పోయింది. మెట్ల మీద రెండు జతల కాళ్లు, ఒకటి ఎక్కి ఆగుతోంది, ఇంకొకటి దానికోసం ఆగుతోంది.

"నాకు గుర్తు లేదు" అంది ఆమె. "ఒక్క ముక్క కూడా గుర్తు లేదురా."

ఆమె గుమ్మం వైపు చూసి గొంతు తగ్గించింది.

"వచ్చేటప్పుడు ఆ గొలుసు తెచ్చుకున్నామా మనం?"

"నేను లొకేషన్‌కి రాలేదక్కా."

గుమ్మంలో ముందు లాయరు కనపడ్డాడు, తర్వాత ఆయన భుజం పట్టుకుని వాచ్‌మన్. ఇస్త్రీ చొక్కా వేసుకొచ్చాడు. చెప్పులు బయటే విడిచి లోపలికి వచ్చాడు. మానిటర్ మీద తలుపు నిలిచి ఉంది. దాని దగ్గరికి వచ్చి వంగి చూశాడు.

"నిజమేనంటగా అమ్మా. మిషన్ల మోత కూడా దొరికిందంట. తొమ్మిదేళ్లుగా నా మాట ఎవరూ వినలేదు. ఒక్కసారి నన్నూ విననివ్వండి."

లాయరు ఆయన్ని తన కుర్చీలో కూర్చోబెట్టాడు. ఫైలు తెరిచి మొదటి సంతకం చోట వేలు పెట్టి, ఆమె ముందుకి జరిపాడు. కత్తెర వైపు తిరిగాడు.

"మొదట్నుంచీ పెట్టవయ్యా."

కత్తెర స్పేస్ బార్ మీద వేలు పెట్టి, నొక్కకుండా, అక్క ముఖంలోకి చూశాడు.